ఎఫువా కోసం కట్టిన మెట్లు

మీరు ఎకో క్వాన్సా గురించి విని తీరాలి. మనిషి పోయి చాలా ఏళ్లైంది, అయినా సరే.

ఆఫ్రికా పడమటి తీరాన కేప్ కోస్ట్ అనే ఊళ్లో, తెల్లదొరల సర్కారు ఆఫీసులో పాతికేళ్లు ప్లాన్లు గీశాడాయన. గోడౌన్లు, స్కూళ్లు, పోస్టాఫీసు, గీతలన్నీ ఎకోవి, కింద సంతకం మాత్రం ఎవరో దొరది. ఆ కసంతా శనివారం క్రికెట్ మైదానంలో బంతి మీద తీర్చుకునేవాడు. జీతం లేదు, బహుమతి లేదు. ఒళ్లంతా దెబ్బలతో ఇంటికొచ్చి నవ్వుతుంటే భార్య ఎఫువాకి మండిపోయేది.

"దొరకోసం గీస్తావు, ఊరికోసం ఆడతావు. నాకోసం ఏం చేశావయ్యా?"

అందుకని ఇల్లు కట్టాడు. రాతి మేడ, సముద్రపు గాలి నేరుగా వరండాలోకే. ఎఫువాకి ఎడమ మోకాలు సరిగ్గా వంగదు. మెట్టంటే మామూలుగా ఏడంగుళాల ఎత్తు, ఎకో అయిదే పెట్టాడు.

"ఇవి మేకలెక్కడానికా అయ్యా?" అని మేస్త్రీ నవ్వాడు.

"మా ఇంటి రాణి ఎక్కడానికి."

ఆ ప్లాను మీద "ఎఫువా ఇల్లు" అని రాసి, జన్మలో మొదటిసారి కింద తన సంతకం పెట్టుకున్నాడు.

అయితే అక్కడ కాగితం మీద రాత చెల్లదు. మగాడు పోతే ఆస్తి అక్క కొడుక్కి, పెళ్లాం పిల్లలకి కాదు. వాళ్లకే ఇవ్వాలనుకుంటే బతికుండగా తల్లి వైపు పెద్దల్ని కూర్చోబెట్టి నోటితో చెప్పాలి. పుచ్చుకున్నవాళ్లు దండం పెట్టి జిన్ను సీసా ఇవ్వాలి, పెద్దలు తలో గుక్క తాగాలి. ఇక ఎవడూ కదపలేడు.

ఒక శనివారం ముహూర్తం పెట్టుకున్నారు. నలుగురు పెద్దలొచ్చారు. అసలు పెద్ద, ఎకో మేనమామ ఎసెల్, చూపు పోయిన ముసలాయన, ఇంకా దారిలోనే ఉన్నాడు. అంతలో రేవులో స్టీమరు కూత. ఎకోని లాగోస్ తీసుకెళ్లే ఓడ, మర్నాడు రావాల్సింది ముందే వచ్చేసింది! లాగోస్ జట్టు మీద ఆడటానికి పన్నెండేళ్లు ఎదురుచూస్తే వచ్చిన పిలుపది. ఎకో బ్యాటు తీశాడు.

"మామయ్య వచ్చేదాకా ఆగు," అంది ఎఫువా.

"నేనాగుతా, ఓడాగుద్దా?"

"మరి ఇల్లు?"

"ఇల్లెక్కడికి పోతుందే, రాయితో కట్టాను! రెండు వారాల్లో వచ్చేస్తా."

"పోనీవమ్మా," అన్నాడొక పెద్దాయన. "మీ ఆయన వచ్చేదాకా ఆ సీసాకి మేం కాపలా ఉంటాం." అందరూ పకపకా నవ్వారు. ఎఫువా నవ్వలేదు.

ఎసెల్ వచ్చేసరికి ఎకోని ఓడ దగ్గరికి చేర్చే పడవ అలలు దాటేసింది. ముసలాయన పక్క కుర్చీ తడిమి చూశాడు. "నన్ను పిలిచినవాడేడీ?"

లాగోస్‌లో ఎకో డెబ్బై ఒకటి కొట్టాడు. తిరిగొస్తే రేవులో భుజాల మీద ఊరేగించారు. మర్నాడే మేనమామ దగ్గరికి పరిగెత్తాడు.

"తప్పైంది మామయ్యా. వచ్చే శనివారం…"

"నేనొచ్చి కూర్చున్నాను, నువ్వు లేచి వెళ్లిపోయావు. ఇప్పుడు నువ్వు కూర్చో. పండగయ్యాక చూద్దాం."

పండగకి ఇంకా రెండు నెలలుంది. ఎకో మూడో వారంలో జ్వరంతో పడ్డాడు, అయిదో రోజున పోయాడు.

దినాలయ్యాక ఎఫువా పెద్దల ముందు ప్లాను పరిచింది. ఎసెల్ దాన్ని వేళ్లతో నిమిరాడు.

"నాకు కనపడదమ్మా, వినపడుతుంది. వాడు చెప్పగా నేను వినలేదు."

ఇల్లు ఎకో అక్క కొడుకు జోజోకి పోయింది. బ్యాటు పట్టడం ఎకోనే నేర్పించాడు వాడికి.

"అత్తా, కింద గదిలో ఉండు. ఎవరొద్దన్నారు?"

"నా ఇంట్లో నన్ను ఉండమంటున్నావా నాయనా?"

మూత తియ్యని జిన్ను సీసా చంకలో పెట్టుకుని, కూతుళ్లిద్దర్నీ తీసుకుని తమ్ముడింటికి వెళ్లిపోయింది. జోజో పెళ్లికి ముందు ఆ మెట్లు పీకించి ఏడంగుళాలవి కట్టించాడు, చూడ్డానికి పొట్టిగా ఉన్నాయట.

క్రికెట్ క్లబ్బులో ఎకో ఫొటో పెట్టి ఎఫువాని పిలిచారు. "డెబ్బై ఒకటమ్మా! ఒక జన్మకి చాలదూ?"

"నాకు చాల్లేదు," అంది.

నాకైతే క్రికెట్ పిచ్చి, అందుకే తేల్చుకోలేకపోతున్నాను. పన్నెండేళ్ల పిలుపు, కింద ఓడ కూత పెడుతోంది, ముసలాయన ఇంకా దారిలోనే ఉన్నాడు. నిజం చెప్పండి, మీరైతే పడవెక్కేవారా?