ఎనిమిదో వంతు దగ్గర ఆగిన పాఠం

మా లెక్కల టీచరమ్మ ఆదివారం ఉదయం ఆరున్నరకు చనిపోయారు. తోటపల్లి గూడూరు దగ్గర మా ఊళ్లో నాకు భిన్నాలు నేర్పింది ఆమే. రిటైరయ్యాక ఒక్కరే ఉన్నారు. ఊపిరితిత్తులు చెడిపోయాయని తెలిశాక కూడా వరండాలో పలక పట్టడం మానలేదు.

చివరి శిష్యురాలు మా ఎదురింటి వదిన. పన్నెండేళ్లుగా రొయ్యల షెడ్డులో ఐసు నీళ్లలో చేతులు పెట్టి తలలు తీస్తోంది. వేళ్లు ఇప్పుడు సరిగ్గా ముడుచుకోవు. కాటా దగ్గర కూర్చునే పని ఖాళీ అయింది. దానికో పరీక్ష: సూపర్‌వైజర్ కాగితం మీద భిన్నం రాస్తాడు, ఎలక్ట్రానిక్ కాటాలో ఏ అంకె రావాలో చెప్పాలి.

మొదటిసారి పరీక్షలో, భిన్నాల దాకా పోకముందే, 0.5, 0.25లలో ఏది ఎక్కువని అడిగితే వదిన 0.25 అంది. అయిదు కన్నా ఇరవై అయిదు పెద్దది కదా అని. షెడ్డంతా నవ్వింది. అరకిలో, పావుకిలో అని నోటితో అడిగుంటే తప్పేది కాదు.

ఆ సంగతి విని టీచరమ్మ నవ్వలేదు. 1/2ను పైనా కిందా యాభైతో గుణించి 50/100 చేశారు. 1/4ను ఇరవై అయిదుతో గుణించి 25/100 చేశారు. "కింద పదో, వందో, వెయ్యో వచ్చేదాకా పెంచుమే. విలువ మారదు, వేషం మారుద్ది." తర్వాత 0.50, 0.25 అని పక్కపక్కన రాశారు.

వదిన రెండు అంకెల మీదా వేలు పెట్టి చూసింది. "ఈ మాత్రం దానికా నన్ను నవ్వినారు?" అంది.

శనివారం సాయంత్రం 1/8 దగ్గరకు వచ్చారు. ఎనిమిది ఎన్నిసార్లు వేసినా పదీ రాదు, వందా రాదు. టీచరమ్మకు ఆయాసం ఎక్కువైంది. "వందకి పోకపోతే వెయ్యికి పోదాం. జవాబు ఎవర్నీ అడగబాకు, రేపు నువ్వే తెస్తావు" అని పలక పక్కన పెట్టారు.

భూస్థాపన అయ్యాక వదిన ఆ పలకతో నా దగ్గరకు వచ్చింది. నేను తొందరపడి చెప్పేశాను: పైన నూట ఇరవై అయిదు, కింద వెయ్యి, అంటే 0.125. రాసుకుంది. మరి 3/8 ఎంత అన్నాను. పలక వైపు చూస్తూ కూర్చుంది. మొదటినుంచి మళ్లీ చెప్పాను. చెబుతున్నంతసేపూ తల ఊపింది; నేను ఆపితే తనూ ఆగింది. టీచరమ్మ దగ్గర నేను లెక్కలు నేర్చుకున్నాను, నేర్పడం కాదు.

పలక మీద ఇప్పుడు 3/8 ఉంది. దాని పక్కన ఒక గీత, గీత కింద వెయ్యి. పైన ఖాళీ.

మూడోసారి పరీక్ష ఉండదని షెడ్డులో చెప్పేశారు. రెండోది గురువారం ఉదయం తొమ్మిదికి, కాటా దగ్గర.