అట్టముక్క ప్యాకింగ్

బళ్లన్నిటికీ కార్బురేటర్లుండే ఆ రోజుల్లో, పోర్ట్ బ్లెయిర్ మొత్తం మీద నా అంత తెలివైనవాడు లేడని నా గట్టి నమ్మకం. ఐటీఐ సర్టిఫికెట్ చేతికొచ్చి, జంగ్లీఘాట్‌లో ఒక ఉస్తాద్ షెడ్డులో పనికి కుదిరి ఆరు నెలలైంది. దొరికినవాణ్ని దొరికినట్టు కూర్చోబెట్టి, పెట్రోలునీ గాలినీ సరైన పాళ్లలో కలిపి ఇంజనుకి పంపేదే కార్బురేటరనీ, పెట్రోలు ఎక్కువైతే ప్లగ్గు నల్లబడుతుందనీ, గాలి ఎక్కువైతే ఇంజను వేడెక్కి మొరాయిస్తుందనీ పాఠం చెప్పేవాణ్ని. (మా అమ్మకీ చెప్పాను. ఆ పూట పోపు మాడింది.)

ఆ ఏడే మావయ్య పోయాడు. చాతం కర్రమిల్లులో పని ముగించుకుని, రోజూ స్కూటరుతో సహా ఫెర్రీ ఎక్కి బాంబూఫ్లాట్‌లో దిగి ఇంటికొచ్చే మనిషి, ఒకనాడు డ్యూటీలోనే గుండె ఆగి కూలిపోయాడు. మా అత్తకి పిల్లల్లేరు. మూడు నెలలు స్కూటరు రేకుల పంచలో అలాగే ఉండిపోయింది. ఒక ఆదివారం నన్ను పిలిపించి, "బాబూ, ఓ పాలి ఆ గాడీ స్టార్ట్ సెయ్యరా. ఆ సౌండ్ యినాలని ఉందిరా" అంది.

అడిగింది అంతే. నేను మాత్రం మొత్తం విప్పేశాను. పెట్రోలు ఎండి జిగురై, పెట్రోలు చిమ్మే సన్నటి జెట్టు మూసుకుపోయింది. దాన్ని శుభ్రం చేస్తూ చూస్తే, కార్బురేటరుకీ ఇంజనుకీ మధ్య బయటి గాలి చొరబడకుండా ఉండాల్సిన ప్యాకింగ్ స్థానంలో కత్తెరతో కోసిన అట్టముక్క! మా దీవుల్లో అది మామూలే. సామాను చెన్నై నుంచి ఓడలో రావాలి; వచ్చేదాకా చేతికందిన అట్టతో ప్యాకింగ్ కోసుకుంటారు, ఓడ రాగానే మార్చుకుంటారు. మావయ్య మార్చడం మరిచిపోయి ఏళ్లయింది. నేను నవ్వుకుని, దాన్ని అత్త పొయ్యిలో పడేసి, కొత్తది బిగించాను. ఒక్క కిక్కుకే స్టార్టయింది. ఇంటి ముందు రోడ్డు ఎత్తు మీదికి వెళ్లి, మెత్తగా పల్లంలోకి దిగి, మెప్పు కోసం అత్త ముందు ఆగాను.

అత్త ముఖం చిన్నబోయింది. "బాగుంది బాబూ. కానీ ఇది మీ మావయ్య గాడీ కాదురా. డౌన్ దిగీటప్పుడు ఫట్, ఫట్ అనీది గదా."

అప్పుడు తెలిసింది నేను తగలబెట్టిందేమిటో. ఆ అట్ట సందులోంచి గాలి దూరడం వల్ల పెట్రోలు సరిగా మండక, ఎక్సలేటరు వదిలినప్పుడల్లా సైలెన్సర్లో పేలేది. ఆ పేలుడు వినే అత్త ఇన్నేళ్లూ తలుపు తీసింది.

ఇక బాగున్న బండిని పాడుచేసే పని మొదలైంది. బిస్కెట్ల డబ్బా అట్ట పెడితే ఇంజను అరిచింది. చెప్పుల పెట్టె అట్ట పెడితే స్టార్టే కాలేదు. పెళ్లికార్డు పెడితే సరిగ్గా జెట్టీ మధ్యలో ఆగిపోయి, ఫెర్రీ జనమంతా నన్ను తోసుకుంటూ వెళ్లారు. "అరే భయ్యా, లోగ్ బన్‌వానే ఆతే హైఁ, తూ బిగాడ్ రహా హై?" అని ఉస్తాద్ నోరెళ్లబెట్టాడు. (బాగుచేయించుకోవడానికి జనం వస్తుంటే నువ్వు పాడుచేస్తున్నావేమిట్రా అని.) అత్త కోరిన ఒక్క చప్పుడు ఇవ్వలేకపోతే నేనేం మెకానిక్కునని పట్టుదల.

తొమ్మిదో అట్ట పెట్టిన సాయంత్రం అత్తకి చెప్పకుండానే వెళ్లాను. పల్లంలో ఎక్సలేటరు వదిలాను. ఫట్. ఫట్. సంతోషం పట్టలేక బండి మీదే కేక వేయబోయాను. ఈలోగా ఇంట్లోంచి అత్త గొంతు:

"ఏటయ్యా, ఇయ్యాల ఇంత జల్దీగ వొచ్చీసినావు? జెట్టీ కాడ లైన్ నేదేటి?"

తడి చేతులు పమిటకి తుడుచుకుంటూ నవ్వుతూ గడపలోకి వచ్చింది. నన్ను చూసి ఆగిపోయింది.

"నువ్వా, బాబూ" అంది.

ఇంజను ఆపాను. అత్త మెట్టు మీద కూలబడి ఏడ్చింది. మావయ్య పోయిన రోజున కూడా అలా ఏడవలేదు. పక్కన కూర్చున్నాను కానీ ఏం చెయ్యాలో నాకు తెలియలేదు. చాలాసేపటికి ముక్కు తుడుచుకుని, "కొత్త ప్యాకింగ్ ఏసీరా. నువ్వే తోలుకో" అంది.

వేశాను. ఇప్పుడు నాకో సొంత షెడ్డుంది. కొత్త బళ్లలో గాలినీ పెట్రోలునీ కంప్యూటరే కలుపుతోంది. అట్టముక్కలతో పనిలేదు. ఎప్పుడైనా ఆ ఇరవై రెండేళ్ల కుర్రాడు, అట్టముక్క చేతబట్టుకుని గెలిచినవాడిలా పల్లంలోకి దిగుతూ గుర్తొస్తే తిట్టబోయి నవ్వేస్తాను. ఇంజను గురించి వాడికి తెలియనిదంటూ లేదు, పాపం.