దేవదాసు సార్, స్వరూప, నేను

ఈ ఉదయం మా ఎదురింటివాళ్ళు రెండో అంతస్తుకు స్లాబు పోస్తున్నారు. కోరుట్లలో మా వీధి ఇరుకు. మిక్సర్ తిరగడం మొదలైతే మా వంటింట్లో గిన్నెలు కూడా గలగలమంటాయి. కిటికీ తెరవగానే తడి సిమెంటు వాసన వచ్చింది. అది హాయిగొలిపే వాసన కాదు. కాస్త ఘాటుగా, గొంతులో సున్నం తగిలినట్టు ఉంటుంది. ఆ వాసన తగిలితే నాకు దేవదాసు సార్ గుర్తుకొస్తారు. ఆయన పోయి కొన్నేళ్ళయింది. గురువును తలుచుకుంటే కళ్ళు చెమరుస్తాయని అందరూ అంటారు. నాకు మాత్రం ముందు కడుపులో మంట లేస్తుంది, దిగులు ఆ తర్వాత వస్తుంది. ఇన్నేళ్ళయినా ఆ వరుస మారలేదు.

దేవదాసు సార్ జగిత్యాలలో స్ట్రక్చరల్ ఇంజనీరు. గదులు ఎక్కడ రావాలో, కిటికీలు ఎటు పెట్టాలో చెప్పే మనిషి కాదు. ఆ ఇల్లు నిలబడాలంటే స్తంభం ఎంత లావుండాలి, దూలంలో ఎంత ఇనుము పడాలి, పునాది ఎంత లోతుకు పోవాలి అని లెక్క కట్టే మనిషి. పెగడపల్లి దగ్గరి పల్లెలో, సెంటు భూమి లేని కూలీల ఇంట్లో పుట్టారు. చర్చివాళ్ళ బడిలో చదివి, ఆపైన ఇంజనీరింగు చదివి, హైదరాబాదులో పెద్ద పెద్ద భవనాలకు పనిచేసి, ఎందుకో అన్నీ వదిలేసి వెనక్కి వచ్చారు. అప్పట్లో మా దిక్కు మేస్త్రి చెప్పిందే డిజైను. పక్కింటికి ఎన్ని కడ్డీలు పడ్డాయో మనకూ అన్నే. అలా అడిగినవాళ్ళను సార్ కుర్చీ వేసి కూర్చోబెట్టి, "పక్కింటోని చెప్పులు నీ కాలుకు సరిపోతయానే? మరి వాని దూలం నీ ఇంటికెట్ల సరిపోతది?" అనేవారు. కొందరు నవ్వి ఒప్పుకునేవారు. కొందరు లేచి వెళ్ళిపోయేవారు. వెళ్ళిపోయినవాళ్ళ ఇంటి ముందు నుంచి పోయేటప్పుడు సార్ స్కూటర్ నెమ్మది చేసి, వాళ్ళ దూలాల వంక దిగులుగా చూసేవారు.

నేను సిరిసిల్ల నేత కుటుంబంలో పుట్టాను. హైదరాబాదులో ఇంజనీరింగు చదివాను. క్లాసులో నాకంటే ముందు ఎవరూ ఉండేవారు కాదు. ఆ గర్వంతోనే సార్ ఆఫీసు మెట్లెక్కాను. మొదటిరోజే ఆయన ఒక ప్రశ్న అడిగారు. "మేడం, సజ్జ మీద మనిషి నిలవడితె పగులు ముందుగాల ఏడ వస్తది? పైననా, కిందనా?" ఆలోచించకుండా, "కింద" అన్నాను. ఆయన నవ్వలేదు, కోప్పడలేదు. బల్ల మీదున్న మెత్తటి స్పాంజి ముక్కను ఒక చివర పట్టుకుని, రెండో చివర వేలితో కిందికి నొక్కారు. స్పాంజి పైభాగం సాగింది, కిందిభాగం ముడతలు పడింది. "సాగినకాడ కాంక్రీటు ఓర్వదు. గక్కడ ఇనుము ఉండాలె. దూలంల అడుగున పెట్టినట్టు సజ్జల గూడ అడుగునే పెడితె, సెంట్రింగు చెక్కలు ఊడదీసిన్నాడే కూలుతది." పరీక్షల్లో ఆ లెక్క నేను ఎన్నోసార్లు తప్పు లేకుండా చేశాను. కానీ ఆ స్పాంజి వంగినప్పుడే అది నాకు కంటికి కనిపించింది.

కొన్ని నెలల తర్వాత స్వరూప చేరింది. మల్యాల నుంచి రోజూ బస్సులో వచ్చేది. సార్ ఆమెనూ అదే ప్రశ్న అడిగారు. "పైన వస్తది సార్" అంది వెంటనే. ఎలా తెలుసని అడిగితే, "మా ఇంటి సజ్జ కూలింది. మా నానమ్మ భుజం ఇరిగింది. ఆ ముక్కలు జరిపేటప్పుడు చూసిన, కడ్డీలన్ని కిందనే ఉన్నయి" అని చెప్పింది. సార్ లేచి ఆమె దగ్గరికి వచ్చారు. తల మీద చెయ్యి పెట్టి, "కూసో బిడ్డా" అన్నారు. నాకు ఆ క్షణాన ఆ ముసలమ్మ మీద జాలి కలగలేదు. కూలిన ఆ సజ్జ మా ఇంటిది కానందుకు అసూయ కలిగింది.

ఆ రోజు నుంచి ఆమె బిడ్డ, నేను మేడం. ఆమెకు నువ్వు, నాకు మీరు. బయటివాళ్ళు నాకే గౌరవం ఎక్కువనుకునేవారు. ఆ గౌరవం గుమ్మం బయట వేసిన కుర్చీలా ఉండేది నాకు. స్తంభాల గుంతలు చూడ్డానికి పోతే స్కూటర్ వెనక ఆమె. ఆఫీసులో లెక్కల ముందు నేను. ఆమె తెచ్చిన మక్కగారెలు సార్ అడిగి మరీ తినేవారు. నేను తెచ్చిన సకినాలను మాత్రం, "మంచిగున్నయి మేడం" అని ఒకటి తీసుకుని డబ్బా నావైపే జరిపేవారు. చెబితే చిన్నపిల్ల మాటలా ఉంటుంది. మధ్యాహ్నం అన్నం సహించేది కాదు నాకు.

అది తెలంగాణ ఉద్యమం ఊరూరా మండుతున్న కాలం. ఎప్పుడు బంద్ పిలుపు వస్తుందో, ఏ రోడ్డు మీద పొయ్యిలు పెట్టి వంటావార్పు మొదలవుతుందో తెలిసేది కాదు. అలాంటి రోజుల్లో మా పెద్దబాపు, మా నాన్నకు అన్న, జగిత్యాల వచ్చాడు. సిరిసిల్లలో కింద సాంచాలు నడుస్తున్న షెడ్డును తీసేసి, పైఅంతస్తులోనూ సాంచాలు నడిచేలా కొత్తది కట్టాలన్నాడు. మరమగ్గాలను మా ఊళ్ళో సాంచాలంటారు. అవి ఊరికే బరువు మోపి కూర్చునేవి కావు. పొద్దంతా స్లాబును అదరగొడుతూనే ఉంటాయి. మా ఇంటి పని, నాకు పుట్టినప్పటి నుంచి తెలిసిన చప్పుడు. ఆ డిజైను నాదేననుకున్నాను. సార్ దాన్ని స్వరూపకు ఇచ్చారు.

ఉండబట్టలేక అడిగేశాను. "మా ఇంటి పని సార్ అది."

"గందుకే మేడం" అన్నారాయన. "రేపు మీ పెద్దబాపు వచ్చి, నడుమ స్తంభం అడ్డమున్నది, తీసెయ్యి బిడ్డా అంటడు. మీరు కాదనగలరేమో. కని మీకు మనసుల కష్టమైతది. ఆ బాధ లేనోళ్ళు చేస్తెనే మంచిది."

నిజంగానే పెద్దబాపు ఆ స్తంభం తీసెయ్యమన్నాడు. స్వరూప ఒప్పుకోలేదు. ఆయన నా దగ్గరికి వచ్చి, "గా పిల్ల మొండిదే" అన్నాడు. ఆమె లెక్కలన్నీ తీసి మొదటి నుంచి చివరిదాకా చూశాను, ఎక్కడైనా తప్పు దొరుకుతుందేమోనని. దొరకలేదు. ఆ సాయంత్రం బస్సులో ఇంటికి పోతూ ఏడ్చాను.

స్లాబు పోసే రోజు మా ఇద్దరినీ సిరిసిల్ల పంపి, సార్ వేరే పని మీద జగిత్యాలలో ఆగిపోయారు. పొద్దున పని సాఫీగా మొదలైంది. సగం పోశాక వీధి చివర నినాదాలు వినబడ్డాయి. అప్పటికప్పుడు బంద్ పిలుపు వచ్చిందట. జెండాలు పట్టుకుని కుర్రాళ్ళు వచ్చి మిక్సర్ ఆపమన్నారు. మల్లయ్య మేస్త్రి పైనుంచి, "దూలం దాకా అయింది గద, ఈడ ఆపితె సాఫుగ ఉంటది" అని కేకేశాడు. చూపుకు సాఫే. కానీ స్లాబు మధ్యలో ఆపితే, ఇవాళ్టి కాంక్రీటుకూ రేపటి కాంక్రీటుకూ నడుమ అతుకు మిగిలిపోతుంది. దూలం అంచున స్లాబును తెగ్గోసే బలం ఎక్కువ. అతుకు అక్కడ పడకూడదు, రెండు దూలాల నడుమ పడాలి. అందులోనూ పైన తిరగబోయేవి సాంచాలు.

నేను సార్‌కు ఫోన్ చేసి సంగతంతా చెప్పాను. మొత్తం విని, "ఫోను స్వరూపకియ్యిండ్రి మేడం" అన్నారు. ఇచ్చాను. ఆమె "ఆ సార్, గట్లనే సార్" అని పెట్టేసి నావైపు తిరిగింది. "ముంగటి దూలానికి, దీనికి నడుమ దాకా పొయ్యాలె అక్కా. ఇంకింత టైం గావాలె. గా పిలగాండ్లు నీకు ఎరుకేనా?"

ఎరుకే. ముందున్న రమేశ్ మా వాడవాడే. నేను పలకకపోతే అతుకు తప్పుచోట పడుతుంది, ఆ తప్పు స్వరూప పేరు మీద నిలుస్తుంది అన్న ఆలోచన నాకు వచ్చింది. రాలేదని చెప్పను. కానీ రేపు ఆ స్లాబు కింద నిలబడి పనిచేసేది మా మనుషులు. మెట్లు దిగాను.

"ఏందక్కా, ఊరంత బంద్ ఉంటె మీదొక్కటే నడుస్తున్నది?" అన్నాడు రమేశ్.

"ఆపుతం రమేశ్. గా నడుమ దాకా పోసి ఆపుతం. ఇప్పుడిట్ల ఆపితె రేపు సాంచాల అదురుకు పగులుతది. కింద మీ అమ్మ గూడ నూలు కండెలు చుట్టనీకి వస్తది గద."

అతను తలెత్తి పైకి చూశాడు. "ఎంతసేపు?"

"మీరు గూడ ఒక చెయ్యేస్తె జల్ది అయితది."

వెనకున్నవాళ్ళు నవ్వారు. రమేశ్ జెండాను నడుముకు చుట్టుకుని తట్ట అందుకున్నాడు. వాళ్ళంతా వరుసగా నిలబడి, నినాదాలు ఆపకుండానే కాంక్రీటు తట్టలు చేతులు మార్చారు. "జై" అన్నప్పుడు తట్ట పైకి, "తెలంగాణ" అన్నప్పుడు పక్క చేతికి. స్వరూప చూపించినచోట మల్లయ్య చెక్క నిలువుగా బిగించాడు. దాని దాకా పోసి ఆపేశాం.

మర్నాడు సార్ ఊళ్ళ మధ్య దారులు వెతుక్కుంటూ బండి మీద వచ్చారు. అతుకు దగ్గర గొంతుకూర్చుని వేలితో తడిమి, "మంచిగ ఆపినవ్ బిడ్డా" అన్నారు. స్వరూప వెంటనే, "నేను జాగ చూపిచ్చిన గంతే సార్. టైం అడిగి తెచ్చింది అక్క" అంది. సార్ నావైపు చూసి తల ఊపారు. నేను ఎన్నాళ్ళ నుంచో ఎదురుచూసిన మెప్పు అది. అది కూడా ఆమె నోటి మీదుగానే రావాలా అని ఆమె మీద ఇంకా కోపం వచ్చింది.

రాష్ట్రం వచ్చాక నేను పెళ్ళి చేసుకుని కోరుట్లలో సొంతంగా ఆఫీసు పెట్టుకున్నాను. కొన్నాళ్ళకు సార్‌కు ఊపిరితిత్తుల జబ్బు ముదిరింది. ఆఫీసు స్వరూపకు అప్పగించారని తెలిసింది. తెలిసిన రోజు చాలామందితో అనవసరంగా గొడవపడ్డాను. అయినా చూడ్డానికి వెళ్ళాను. ఎముకల గూడులా ఉన్నారు. ఊపిరి తీసుకోవడానికి ఆగుతూ మాట్లాడారు.

"స్వరూప డిజైన్లు మీరు చూడాలె మేడం. పని మొదలుపెట్టకముందె."

"నేనెందుకు సార్? ఆమెకు అన్నీ వచ్చు కదా."

"మీకు ఆమె మీద కుళ్ళున్నది" అన్నారు మామూలుగా, దూలం లోతు చెప్పినట్టు. "మొదటిసంది తెల్సు నాకు. సిరిసిల్ల లెక్కలు మీరు మొత్తం తిరగేసిన్రు, అది గూడ తెల్సు. ప్రేమతోని చూసెటోళ్ళకు తప్పు కనవడదు మేడం. నాకే కనవడదు ఆమెది. మీకు కనవడుతది. గట్లనే చూడుండ్రి. కుళ్ళుతోనే చూడుండ్రి. కనవడ్డది మాత్రం దాచకుండ్రి."

అదే ఆఖరి మాట. ఆయన్ని సమాధి చేసిన రోజు వచ్చినవాళ్ళంతా స్వరూపను పట్టుకుని ఓదార్చారు. నేను గేటు పక్కన నిలబడి, ఆమె ఏడుపు మీద కూడా అసూయపడ్డాను.

ఆ తర్వాత వారానికే ఆమె మొదటి డిజైను పంపింది. ఆమెకు సార్ ఏం చెప్పారో నేను అడగలేదు, ఆమె చెప్పలేదు. అప్పటి నుంచి పంపుతూనే ఉంది. నూటికి తొంభై పాళ్ళు ఏమీ దొరకదు, ఆ పూటంతా చిరాకుగా ఉంటాను. కిందటేడు వాళ్ళ మల్యాలలోనే కట్టే ఆడపిల్లల హాస్టలుది వచ్చింది. హాస్టలువాళ్ళు ప్లాను చివర్లో మార్చి, పైన నీళ్ళ ట్యాంకును ఒక మూల నుంచి ఇంకో మూలకు జరిపారు. కొత్త మూల కింది స్తంభం లెక్కలో, పునాది లెక్కలో ఆ బరువు చేరలేదు. చూడగానే ఎగిరి గంతేసినంత సంతోషం కలిగింది. దొరికింది అన్నాను పైకే. ఆ మాట నోట్లో ఉండగానే, ఆ మూలగదిలో ట్రంకుపెట్టెలు సర్దుకునే ఆడపిల్లలు కళ్ళముందుకు వచ్చారు.

ఫోన్ చేసి చెప్పాను. "అవునక్కా, మర్చిపోయిన" అంది. మళ్ళీ తనే, "ఇంకేమన్న కనవడ్డదా?" అని అడిగింది.

"లేదు. కానీ మళ్ళొకసారి మొదటి నుంచి చూస్తాను" అన్నాను.

ఫోన్ పెట్టేసి, పునాదుల దగ్గర మొదలుపెట్టాను.