పేరు కింద క్రికెటర్

క్రికెట్ మ్యాచ్‌ల తెలుగు వ్యాఖ్యానానికి నన్ను పిలిచిన మొదటి రోజే తెర మీద నా పేరు కింద ‘మాజీ క్రికెటర్’ అని వేశారు. నేను క్రికెట్ ఆడింది బెంగళూరు కాడుగోడిలో మా ఇంటి వెనక సందులో, అదీ టెన్నిస్ బంతితో. రాష్ట్ర జట్టుకు ఆరేళ్ళు ఆడింది బేస్‌బాల్. ఆ సంగతి దరఖాస్తులో రాశాను, ఫోన్లో చెప్పాను, వచ్చిన రోజు మళ్ళీ చెప్పాను.

"సార్, బేస్‌బాల్ అంటే మన ఆడియెన్స్‌కి కనెక్ట్ అవదు. రెండింట్లోనూ బ్యాటూ బాలే కదా, అడ్జస్ట్ అవ్వండి," అన్నాడు ప్రొడ్యూసర్.

ఆ ‘అడ్జస్ట్’ను నేనింకా మర్చిపోలేదు.

మా స్టూడియో బొమ్మనహళ్ళిలో, ఒక బట్టల ఫ్యాక్టరీ పై అంతస్తులో ఉంది. మ్యాచ్ ఎక్కడో జరుగుతుంది. మేం గదిలో టీవీ చూస్తూ మాట్లాడతాం. నా పక్క కుర్చీలో ఒకప్పుడు రాష్ట్రానికి బౌలింగ్ చేసిన పెద్దాయన, పాత బెంగళూరు మనిషి. రాగానే అడిగాడు.

"ఏమప్పా, నువ్వు ఏ టీముకి ఆడినావు? నిన్ను యాడా చూడనే లేదే?"

"నేను క్రికెటర్ని కాదు సార్."

"మరి ఆడ రాసుండారే!"

ఆయన నవ్వాడు. నాకు మాత్రం దొంగ సర్టిఫికెట్‌తో ఉద్యోగంలో చేరినట్టనిపించింది. అక్కడ పేర్లన్నీ పాత మ్యాచ్ ఫైల్లోంచి కాపీ చేస్తారు. అందుకే ఆ తప్పు నన్ను వదల్లేదు. ప్రతి మ్యాచ్‌కూ ముందు దాన్ని సరిచేయమని మెయిల్ రాశాను. ఇలాగే రాస్తుంటే పిలవడం కష్టమని ఒకసారి చెప్పించారు కూడా. ఆ పనంటే నాకు ప్రాణం. అయినా రాశాను.

ఒక మధ్యాహ్నం వానకు ఆట ఆగింది. మా కిటికీ బయట ఎండ మండిపోతోంది, తెర మీద మాత్రం పిచ్ నిండా కవర్లు. వాన వెలిసేదాకా ఏదో ఒకటి మాట్లాడుతూనే ఉండాలి. పెద్దాయన తన కథలన్నీ అయిపోయాక మైకులోనే నా వైపు తిరిగాడు.

"నీ మొదటి మ్యాచ్ గురించి చెప్పప్పా, జనం వింటారు."

అబద్ధం చెప్పాలి, లేదా నిజం చెప్పి పని పోగొట్టుకోవాలి. నిజమే చెప్పాను. నేనాడింది బేస్‌బాల్ అనీ, మొదటి మ్యాచ్ హొసకోటెలో ఒక కాలేజీ మైదానంలో అనీ, నేను క్యాచర్‌ననీ చెప్పాను. మొహానికి ఇనుప జాలీ కట్టుకుని బ్యాటర్ వెనక గొంతుక్కూర్చోవాలి. మా జట్టులో మైదానమంతా ఎదురుగా కనబడేది క్యాచర్‌కే. అందుకని ఎవరు పరిగెడుతున్నారో, బంతి ఎటు విసరాలో మిగతావాళ్ళకు ఆపకుండా అరిచి చెప్పాలి.

"గంటల తరబడి గొంతుక్కూర్చుని అరవడమే నా ఆట. ఇక్కడ కుర్చీ ఇచ్చారు, అంతే తేడా," అన్నాను.

పెద్దాయన పగలబడి నవ్వాడు. ఇద్దరి చెవుల్లోనూ ప్రొడ్యూసర్ గొంతు: "సార్, టాపిక్ చేంజ్ చేయండి, ప్లీజ్!" పెద్దాయన ఇయర్‌ఫోన్ తీసి బల్ల మీద పెట్టాడు.

"ఆ ఆటలో దొంగతనం కూడా ఉండాదంటనే? అదేందప్పా?"

బంతి విసిరేవాడు ఏమరగానే తర్వాతి బేస్‌కు, అంటే పరుగు దారిలో తర్వాతి మజిలీకి, పరుగెత్తడమే ఆ దొంగతనం. కవర్లు తీసేదాకా నేను పట్టిన దొంగల గురించీ, చేజారిపోయిన దొంగల గురించీ చెప్పాను.

పని పోలేదు. వారం తిరక్కుండా ప్రొడ్యూసరే ఫోన్ చేశాడు.

"సార్, సండే మ్యాచ్‌కి వాన ఫోర్‌కాస్ట్ ఉంది. మీరు కన్ఫర్మ్‌గా రావాలి."

ఆ వాన కబుర్లు విని ఒక టీవీ హాస్య కార్యక్రమం వాళ్ళూ పిలిచారు. ఇప్పుడు ఆదివారాలు అందులో నవ్విస్తున్నాను. స్టూడియోలో నా పేరు కింద ‘మాజీ బేస్‌బాల్ ఆటగాడు’ అని వస్తోంది. పక్కన వేసే బొమ్మ మాత్రం క్రికెట్ బ్యాటు. మా బ్యాటు గుండ్రంగా ఉంటుందని, ఫొటో జతచేసి నిన్ననే మెయిల్ రాశాను. పంపబోతుంటే పెద్దాయన పక్కనుంచి వంగి చదివాడు.

"నా పేరూ రాయప్పా కింద."

రాసి పంపాను.