దండెం మీద ఆరిన దండయాత్రలు

మా వీధిలో పుస్తకాలు కుట్టే పిన్ని ఊరు దాటి ఎరగదు. అయినా ఏ రాజు ఏ కొండదారిలో మంచుకు చిక్కాడో, ఏ రాయబారిని ఏ కొలువులో గుమ్మం బయట నిలబెట్టారో అడిగితే పక్కింటి సంగతి చెప్పినట్టు చెబుతుంది. బాబాయి ఉన్న రోజుల్లో అట్టలు అంటించి పైన బరువు పెట్టి, జిగురు ఆరేలోగా ఇద్దరూ చెరో పేజీ పైకి చదువుకునేవారు. లైబ్రరీలో యుద్ధాలు, సంధులు, దూరప్రయాణాల పుస్తకాలున్న బీరువా మొత్తం అలా వాళ్ల చేతుల మీదుగా వెళ్లిందే. బాబాయి పోయాక కూడా ఆవిడ అప్పుడప్పుడు వెళ్లి, ఆ పుస్తకాల వీపులు తడిమి వచ్చేది, దణ్ణం పెట్టుకున్నంత నెమ్మదిగా.

మొన్నటి వానలకు లైబ్రరీ కప్పు కారింది. కారి కారి సరిగ్గా ఆ బీరువా మీదే కారింది.

"సోమవారం కమిటీ వస్తోందమ్మా. పనికిరావని రాశారంటే ఇవన్నీ చిత్తు కాగితాల కిందే పోతాయి" అన్నాడు లైబ్రరీ సార్. మంచి మనిషి, మాట్లాడుతూనే తడిసిన అట్టని తన రుమాలుతో అద్దుతున్నాడు.

"నాకివ్వండి బాబూ. సోమవారం పొద్దున్నే మీ బల్ల మీద ఉంటాయి."

"ఒక్క పేజీ తగ్గినా ఒప్పుకోరమ్మా."

"తగ్గదు" అంది పిన్ని. అనేశాక గానీ ఎన్ని పుస్తకాలున్నాయో లెక్కపెట్టుకోలేదు.

పాత దారాలు కోసి, ఏ పుస్తకానికా పుస్తకం మడతలుగా విడదీసింది. పదహారు పేజీల మడతని ఫారం అంటారు. ఆ ఫారాలని దండెం మీద బట్టల్లా వేలాడేసి ఆరబెట్టాలి. ఇంట్లో దండేలు చాలలేదు. పాలావిడ తన వరండా ఇచ్చింది. పక్కింటివాళ్లు తమ ఫ్యాను తెచ్చి పెట్టి, తాము విసనకర్రలతో సరిపెట్టుకున్నారు. భగవంతుడు ఇలాంటి చేతులతోనే వస్తాడని నా నమ్మకం.

ఆదివారం మధ్యాహ్నానికి రెండు పుస్తకాలు తప్ప అన్నీ కుట్టడం అయింది. జిగురుకి మైదా అయిపోయిందని పిన్ని కొట్టుకి వెళ్లింది. అంతలో మబ్బు పట్టింది. ఎదురింటి ఇస్త్రీ మామయ్య పరుగున వచ్చి దండేలన్నీ ఖాళీ చేశాడు.

"అక్కా! ఒక్క చుక్క పడనివ్వలేదు. పేజీల నెంబర్ల ప్రకారం సర్దేశా కూడా!"

పిన్ని ఆ దొంతర చూసి అక్కడే కూలబడింది. రెండు పుస్తకాలూ ఒకే అచ్చాఫీసులో, ఒకే కాగితం మీద అచ్చయినవి. రెండింట్లోనూ ఒకటో పేజీ ఉంది, పదిహేడో పేజీ ఉంది. మామయ్య రెండు పుస్తకాల్నీ కలిపి ఒక్కటి చేసేశాడు!

చదివి విడదీద్దామా అంటే, ఒకటి సిపాయి రాసుకున్నది, రెండోది రాయబారిది. ఇద్దరూ ఒకే రాజు వెంట ఒకే దారిన వెళ్లారు. ఇద్దరూ "నేను" అనే రాశారు.

కుట్టుపనికి సాయం వచ్చిన పిన్ని ఆడపడుచు ఒక ఫారం చివర, ఇంకో ఫారం మొదలు గట్టిగా చదివింది. "'నేను కోపంతో కత్తి దూసి...' 'అత్తరు బుడ్డి కానుకగా ఇచ్చాను.' వదినా, ఇది అచ్చం మా అన్నయ్య కోపంలాగే ఉందే!"

పిన్నికి ఏడుపులోనే నవ్వొచ్చింది. మామయ్య మాత్రం నెత్తి కొట్టుకున్నాడు. "నా చేతులు పడిపోను. ఎవడు సర్దమన్నాడు నన్ను!"

"ఛ, అవేం మాటలు తమ్ముడూ? నువ్వు తియ్యకపోతే ఈపాటికి ముద్దయ్యేవి. కూర్చో, టీ తాగు."

అతనికి టీ ఇచ్చి, కళ్లు మూసుకుని దేవుణ్ణి తలుచుకుంది. చేతులు ఊరుకోక, దబ్బనంలో దారం ఎక్కించి పై ఫారాన్ని పాత కన్నాల్లోనే కుట్టబోయింది. కింది ఫారం కన్నం అందలేదు. కాస్త లోపలికి ఉంది.

దబ్బనం చేతిలోనే ఆగిపోయింది.

సిపాయి పుస్తకం బాబాయి కుట్టింది. ఆయన మడత గీత మీద మొదటి కన్నం కాగితం పై అంచుకి ఆనించినట్టు పొడిచేవాడు. రాయబారిది ఆవిడ పని నేర్చుకుంటూ కుట్టిన మొట్టమొదటి పుస్తకం. కాగితం చిరుగుతుందన్న భయంతో బొటనవేలంత లోపలికి పొడిచింది. ఎందుకంత పిరికితనం అని బాబాయి ఏడిపించేవాడు కూడా.

"మడత విప్పి వెలుగుకి పెట్టండి. కన్నం అంచునుంటే మీ అన్నయ్యది, లోపలికుంటే నాది!"

ముగ్గురూ కిటికీ దగ్గర నిలబడ్డారు. "అన్నయ్యది!" "నీదే అక్కా!" అంటూ ఒక్కో మడతా పక్కకి పెడుతుంటే, సైన్యం ఒక దారినా రాయబారం ఒక దారినా విడివిడిగా నడిచాయి. పొద్దు గుంకేలోపు రెండు పుస్తకాలూ ఒక్క పేజీ తగ్గకుండా కుట్టడం, అట్టలెక్కించడం అయిపోయాయి.

సోమవారం కమిటీ పెద్దాయన పై పుస్తకం తీసి, పేజీలు లెక్కచూడ్డానికని నిలబడే తిప్పాడు. కాసేపటికి కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"అయ్యా, మిగతావి కూడా చూడాలి..." అన్నాడు లైబ్రరీ సార్ మెల్లగా.

"ఉండవయ్యా, కోట ఇంకా పడలేదు!"

కోట పడ్డాకే ఆయన తలెత్తాడు. బీరువా ఉంటుందన్నాడు, ముందు కప్పు బాగు చేయించమన్నాడు. గుమ్మం దగ్గర మామయ్య ఈల వేశాడు. "ఇది లైబ్రరీ!" అని ఆడపడుచు అతని వీపున ఒక్కటిచ్చి, తనే గట్టిగా చప్పట్లు కొట్టింది.

పిన్ని ఆ పుస్తకాలన్నీ తన చేతులతోనే బీరువాలో నిలబెట్టింది. తలుపు వేసి, కొంగుతో ముఖం తుడుచుకుని, లైబ్రరీ సార్ వైపు తిరిగింది.

"బాబూ, ఆ పక్క బీరువాలో అట్టలూడినవి చాలా కనిపిస్తున్నాయి. అవి కూడా ఇవాళే ఇచ్చెయ్యండి, పట్టుకుపోతాను."