సౌష్ఠవం అంటే ఏమిటని అన్న అడిగిన రోజు

గూడూరు బస్టాండులో మొన్న కోట బస్సు కోసం నిలబడి ఉండగా, ఎదురుగా కరెంటు స్తంభానికి కట్టిన ఫ్లెక్సీ ఒకటి కంటబడింది. కండలు తిరిగిన యువకుడి బొమ్మ, దాని కింద ఎర్రటి అక్షరాలతో 'శరీర సౌష్టవ పోటీలు' అని. ష కింద ఉండవలసింది ఠ వత్తు, అక్కడ పడింది ట వత్తు. ముప్పై ఏళ్ళకు పైగా లెక్కల పంతులమ్మగా పనిచేసినదాన్ని, ఆ మాట తప్పు రాసిన పిల్లలకు అర మార్కు కోసినదాన్ని, చేతిలో ఎర్రసిరా పెన్ను లేదే అనుకొని నవ్వుకోవలసింది. నవ్వు రాలేదు. బస్సెక్కి కిటికీ పక్కన కూర్చొని, హైవే దాటి, రొయ్యల గుంటల మీదుగా వచ్చే ఆ ఉప్పుగాలి తగిలేదాకా ఆ ఒక్క మాటే మనసులో తిరుగుతూ ఉండిపోయింది.

తెలుగు మీడియంలో చదువుకున్న నా ఈడు వాళ్ళకు ఆ పాఠం గుర్తుండే ఉంటుంది. కాగితం మధ్యలో సిరా చుక్క వేసి మడిచి, అరచేత్తో అదిమి విప్పితే, అటొక రెక్కా ఇటొక రెక్కా అచ్చుగుద్దినట్టు వచ్చేవి. ఆ మడత గీతను సౌష్ఠవాక్షం అంటారని, రెండు సగాలూ ఒకదాని మీద ఒకటి సరిగ్గా ఒదిగితే ఆ పటానికి సౌష్ఠవం ఉన్నట్టని మా మాస్టారు చెప్పేవారు. ఇంగ్లీషు పెద్ద అక్షరాల్లో ఏది మడిస్తే సరిపోతుందో పట్టుకోవడం మాకు పెద్ద ఆట. మన తెలుగు అక్షరాలతో ఆ ఆట ఆడదామని నేనొకసారి పలకంతా నింపాను గానీ, తలకట్లూ కొమ్ములూ ఉన్న మన లిపిలో సున్న తప్ప మరొకటి సరిగ్గా మడతపడలేదు. అలాంటి సంగతులు కనిపెట్టి, మాస్టారి దగ్గర మెప్పు పొంది, ఇంటికి వచ్చి అందరికీ చెప్పుకొనే పిల్లను నేను. ఆ గర్వం నాకు ఎంత ఉండేదో చెప్పకపోతే తర్వాత జరిగింది మీకు అర్థం కాదు.

కోట నుంచి సముద్రం వైపు పోయే దారిలో మా ఊరు. నాయన కౌలుకు వరి పండించేవాడు. బైబిలు మాత్రం వేలు పెట్టుకొని కూడబలుక్కుంటూ చదవగలడు, అంతకు మించి అక్షరం రాదు. అమ్మకు అదీ రాదు. అన్న నాకంటే ఆరేళ్ళు పెద్ద. ఎనిమిదో తరగతితో బడి మాని నాయనతోపాటు మడిలోకి దిగినాడు. ఇక మిగిలింది నేను. మా చర్చి సంఘం కాపరి దగ్గర నుంచి వచ్చిన చీటీ అయినా, ఎరువు సంచి మీద రాసింది అయినా, తాలూకాఫీసు కాగితం అయినా, మా ఇంట్లో అందరూ నా ముందు పెట్టి నా మొహంలోకి చూసేవాళ్ళు. తెలిసినా తెలియకపోయినా నేను ఏదో ఒకటి చెప్పేదాన్ని, వాళ్ళు నమ్మేవాళ్ళు.

నేను తొమ్మిదో తరగతిలో ఉన్నప్పుడు పోలీసు ఉద్యోగాలు పడినాయి. అన్న స్నేహితుడొకడు, మా వీధి చివరి ఇంటివాడు, కోటలో టీ బంకు దగ్గర పేపరు చింపుకొని తెచ్చినాడు. అప్పట్లో ఆ ఉద్యోగానికి చదువు పెద్దగా అడిగేవాళ్ళు కాదు, ఒడ్డూ పొడుగూ ఉంటే చాలనుకొనేవాళ్ళు. ఆ రెండూ అన్నకు ఉన్నాయి. రోజూ తెల్లవారుజామున ఇద్దరూ సముద్రం ఒడ్డుకు పోయి ఇసుకలో పరుగులు తీసి, చెమటతో, కాళ్ళకు అంటుకున్న తడి ఇసుకతో వచ్చేవాళ్ళు. అన్న రొమ్ము విరిచి నిలబడితే అమ్మ దారం పెట్టి కొలిచేది, ఊపిరి పీల్చమని మళ్ళీ కొలిచేది. నాయన కుటుంబ ప్రార్థనలో కొడుకు పేరు దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగేవాడు.

ఒక సాయంత్రం నేను అరుగు మీద లెక్కలు చేసుకుంటుంటే అన్న ఆ పేపరు ముక్క తెచ్చి నా పక్కన కూర్చున్నాడు. అభ్యర్థులు మంచి శరీర సౌష్ఠవం కలిగి ఉండవలెను అని ఉన్న చోట వేలు పెట్టి, ఈ మాటకు అర్థం ఏందని అడిగినాడు. నాకు పట్టలేనంత సంతోషం కలిగింది. మా పాఠంలోని మాట పేపర్లో ఉందే అని. వెంటనే నోటుబుక్కులోంచి కాగితం చించి, సిరా చుక్క వేసి, మడిచి విప్పి చూపించాను. మనిషి శరీరానికి కూడా ముక్కు మీదుగా నిలువు గీత గీస్తే రెండు పక్కలూ ఒకటిగా ఉంటాయని, మాస్టారు చెప్పినదంతా అప్పజెప్పాను. అన్న చాలాసేపు ఆ కాగితాన్ని చూసినాడు. తర్వాత అడిగినాడు:

"ఒక పక్కన రవ్వంత తేడా ఉందనుకో పాపా, అప్పుడో?"

"తేడా ఉంటే సౌష్ఠవం లేనట్టే అన్నా," అన్నాను.

ఎంత తేలిగ్గా అన్నానో. పరీక్షలో జవాబు రాసినట్టు.

అన్నకు చిన్నప్పుడు వడ్ల బండి మీది నుంచి పడి ఎడమ మోచెయ్యి విరిగింది. నాయన రైలెక్కించి, ఎముకల కట్టుకు పేరుపడిన పుత్తూరు తీసుకొనిపోయి కట్టు కట్టించుకొచ్చినాడట. ఎముక అతుక్కుంది గానీ, చెయ్యి చాచితే మోచేతి దగ్గర ఒక వేలెడు బయటికి వంగి ఉండేది. ఆ చేత్తోనే వడ్ల బస్తాలు ఎత్తేవాడు, గడ్డిమోపులు విసిరేవాడు. ఊళ్ళో ఎవరికీ అదొక లోపమని తోచలేదు. ఆ సాయంత్రం నాకు కూడా అది గుర్తు రాలేదు. రోజూ నా కళ్ళ ముందు తిరిగే చెయ్యి అది, దాన్ని నేను ఎప్పుడూ చూడనే లేదన్నమాట.

ఆ తర్వాతి రోజుల్లో అన్న బావి నుంచి నీళ్ళ బిందెలు ఎడమచేత్తోనే మోసుకొచ్చేవాడు. పశువుల కొట్టం దూలం పట్టుకొని వేలాడేవాడు. అమ్మ ఇదేం పిచ్చిరా అని కసురుకునేది. కొత్త చొక్కా కుట్టించుకుంటే నిండు చేతులది కావాలని పట్టుబట్టినాడు. ఇవన్నీ చూస్తూ కూడా నేను ఒకదానికొకటి కలుపుకోలేకపోయాను.

ఎంపిక రోజు నాయన అన్న తల మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేసినాడు. అమ్మ పెరుగన్నం మూట కట్టింది. ఇద్దరు స్నేహితులూ మొదటి బస్సుకు నెల్లూరు పోయినారు. దీపాలు పెట్టే వేళకు అన్న ఒక్కడే తిరిగొచ్చినాడు. స్నేహితుణ్ణి ఉండమన్నారట. తన సంగతి మాత్రం కాలేదు అని ఒక్క ముక్క చెప్పి, కాళ్ళు కడుక్కొని, పశువులకు కుడితి పెట్టడానికి పోయినాడు. నాయన దేవుని చిత్తం అన్నాడు. అమ్మ పొయ్యి ముందు కూర్చొని కొంగు నోట్లో కుక్కుకుంది. నేను దగ్గరికి పోతే అన్న నా తల మీద తట్టి, రేపు నీకు పరీక్ష ఉంది గదా, పోయి చదువుకో అన్నాడు. నేను పోయి చదువుకున్నాను.

కాలం ఆగలేదు. నేను గూడూరులో కాలేజీలో చేరాను. నన్ను హాస్టల్లో దింపడానికి ట్రంకుపెట్టె భుజాన పెట్టుకొని వచ్చినవాడు అన్నే. అక్కడ ఒకరోజు తెలుగు లెక్చరరు గారు పద్యం చెబుతూ, అంగ సౌష్ఠవం అన్న చోట ఆగి, సుష్ఠు అంటే బాగుగా అని, దాని నుంచి వచ్చినదే సౌష్ఠవమని, అంటే బాగుండటమే తప్ప మరేమీ కాదని అన్నారు. లెక్కల వాళ్ళు తర్వాత ఎప్పుడో ఆ మాటను తెచ్చుకొని తమ పనికి వాడుకున్నారట. నాకు అన్న తెచ్చిన పేపరు ముక్క గుర్తొచ్చింది. లేచి నిలబడి, పోలీసు ఉద్యోగాల ప్రకటనలో ఆ మాట ఉంటే అర్థం ఏమిటి సార్ అని అడిగాను. క్లాసంతా నవ్వింది. ఆయన నవ్వకుండా, మనిషి ఆరోగ్యంగా దిట్టంగా ఉండాలని అమ్మా, అంతే, అన్నారు.

ఆ రోజు నన్ను నేను సముదాయించుకున్నాను. నేను చెప్పిన అర్థం తప్పయితే మాత్రం ఏమయింది, అన్నను కాదన్నది డాక్టరు గదా, చెయ్యి చూసి పంపేసి ఉంటాడు, నా మాటతో పనేముంది అని. ఆ సమాధానంతో చాలా ఏళ్ళు గడిపాను. టీచర్నయ్యాక ఆ పాఠం వచ్చినప్పుడల్లా పుస్తకంలోని అర్థంతోపాటు రెండో అర్థం కూడా బోర్డు మీద రాసేదాన్ని. పరీక్షకు రాదని పిల్లలు రాసుకునేవాళ్ళు కాదు. ఏటా నేను రాయడమూ తుడవడమూ మాత్రం మానలేదు.

అన్న కూతురి పెళ్ళిలో అసలు సంగతి తెలిసింది. అప్పటికి నేను రిటైరై రెండేళ్ళు. మా ప్రార్థన గుడి పక్కన పందిట్లో భోజనాల దగ్గర ఆ స్నేహితుడు, హెడ్ కానిస్టేబులుగా పదవీ విరమణ చేసినాయన, నా పక్కన కుర్చీ లాక్కొని కూర్చొని పాత కబుర్లు మొదలుపెట్టినాడు. నాకు అంతా తెలిసే ఉంటుందని ఆయన అనుకున్నట్టుంది.

"పరుగులో మా అందరికంటే ముందు వచ్చింది మీ అన్నేనమ్మా. డాక్టరు కాడ లైన్లో నిలబడి, ఇంకో నలుగురుండారనంగా తనే పక్కకు పోయినాడు. చెయ్యి వంకర రా, తేడా ఉంటే లేనట్టేనంట, మా పాప చెప్పింది, అందరి ముందర పొమ్మంటే నాయన పరువు పోతాది అన్నాడు. నేనెంత లాగినా రాలా."

డాక్టరు చూసిందల్లా కళ్ళూ పళ్ళూ, గుండె చప్పుడూ, నడకేనట. కావడి మోసి మోసి తన కుడి భుజం ఒకవైపుకు జారి ఉంటే దాన్ని గురించి ఎవరూ ఒక్క మాట అనలేదట. ఆయన చెప్పుకుంటూ పోతున్నాడు, నవ్వుతున్నాడు, నా విస్తట్లో పాయసం పోయించినాడు. అవతల అన్న, ఆ వంగిన చేత్తోనే సాంబారు బకెట్టు పట్టుకొని వరసలో వడ్డించుకుంటూ వస్తున్నాడు.

పెళ్ళయిన వారానికి ఉండబట్టలేక రొయ్యల గుంటల దగ్గరికి పోయాను. వరి పోయి గుంటలు వచ్చినప్పటి నుంచి అన్న అక్కడే, ఒక ఆసామి గుంటలకు కాపలా చూసుకుంటూ ఉండిపోయినాడు. మేత జల్లెడ నీళ్ళలోంచి పైకి లాగి, రొయ్యలు తిన్నాయా లేదా అని చూస్తున్నాడు. గట్టు మీద కూర్చొని, కాగితం మడిచిన రోజు నుంచి మొదలుపెట్టి, పందిట్లో విన్నదాకా అంతా చెప్పాను. ఆయన తొందరపడలేదు. జల్లెడ మళ్ళీ నీళ్ళలోకి వదిలి, చేతులు పంచెకు తుడుచుకున్నాడు.

"నాకు తెలుసు పాపా. వాడు ఉద్యోగంలో చేరిన నెలకే వచ్చి చెప్పినాడు."

మరి పై ఏడు మళ్ళీ ఎందుకు పోలేదని అడిగాను. ఆ ఏడు నాయనకు ఆయాసం పట్టుకొనింది గదా, సేద్యం ఎవురు చేస్తారు అన్నాడు. నాకెందుకు చెప్పలేదని అడిగాను. చెప్తే నీకు చదువు మీద మనసు నిలుస్తుందా అన్నాడు. నేను ఏడుస్తుంటే, ఆ మాత్రానికి ఏడుస్తావా అన్నట్టు చూసి, అన్నాడు:

"నేను అడిగింది నిన్నే గదా. మనింట్లో నీకంటే తెలిసినోళ్ళు ఎవురుండారు?"

కోపపడి ఉంటే బాగుండేది. క్షమించాను అన్నా ఏదో ఒక చోట నిలబడి ఉండేదాన్ని. ఆయన ఆ రెండూ చేయలేదు. నా తప్పు ఆయన దగ్గర తప్పుగానే లేదు, అందుకని దాన్ని దించుకునే చోటు నాకు ఎక్కడా దొరకలేదు.

ఇప్పుడు అన్నకు డెబ్బై దాటింది. కంటికి ఆపరేషన్ అయింది. మొన్న నేను కోట బస్సెక్కింది ఆస్పత్రి వాళ్ళు ఇచ్చిన కాగితాలు చూడటానికే. పెద్ద ఫోన్లు ఉన్న మనుషులు అన్న ఇంట్లో ముగ్గురున్నారు, వేలు తాకిస్తే ఏ మాటకైనా అర్థం తెరమీదికి వస్తుంది. అయినా ఆ కాగితాలు ఎవరినీ ముట్టుకోనివ్వకుండా కవర్లో పెట్టి, పాప వచ్చి చెప్తుందని కూర్చున్నాడు. ఒక్కొక్క మాటనూ రెండు చోట్ల చూసుకొని, కళ్ళ డాక్టరు గారికి ఫోను చేసి అడిగి, అప్పుడు గానీ నోరు విప్పలేదు నేను. ఎందుకింత ఆలస్యమని ఆయన అడగలేదు, నా మొహంలోకి చూస్తూ కూర్చున్నాడు. ఇలా ఒక మనిషి ముఖం చూసి మాటకు అర్థం తెలుసుకునే ఇళ్ళు ఇప్పుడు లేవు. పిల్లలు ఎవరినీ అడగరు, అడగవలసిన అవసరం రాదు, వాళ్ళకు వచ్చే అర్థాలు నేను ఆనాడు చెప్పినదానికంటే ఎంతో సరైనవి కూడా. అది మంచిదే అని నాకు నేను చెప్పుకుంటాను. కానీ ఒక మాట అర్థం తప్పు చెప్పి, యాభై ఏళ్ళ తర్వాత కూడా ఆ ఇంటికి పోవడానికి బస్సెక్కే మనిషి ఇక ముందు ఎవరూ ఉండరు కదా అనిపించినప్పుడు, అందుకు సంతోషించాలో దిగులుపడాలో నాకు తెలియడం లేదు.