నున్నటి పిల్లాడికి గరుకు పేరు

ఈ ఎండాకాలం మా గుంటూరు ఇంటి గేటుకు రంగు వేయించాం. వేసే ముందు రంగులాయన ఇనుపకమ్మీల తుప్పును ఉప్పు కాగితంతో గరగరా రుద్దుతుంటే, వేడెక్కిన ఇనుపరజను, తుప్పు, టర్పెంటైను కలిసిన పొడి వాసన వరండాలోకి వచ్చింది. ఇంట్లోవాళ్ళు తలుపులు వేసుకున్నారు గానీ నేను కాసేపు అక్కడే నిలబడ్డాను. వర్క్‌షాపుల్లో ఆ కాగితాన్ని ఎమరీ అంటారు. పన్నెండేళ్ళు వచ్చేదాకా నా పేరూ అదే.

మేం అప్పుడు సౌదీలో, ఎర్రసముద్రం ఒడ్డున ఉన్న రాబిగ్‌లో ఉండేవాళ్ళం. రిఫైనరీ మరమ్మతులు చేసే ఒక కంపెనీలో నాన్న మెకానికల్ ఇంజనీరు. ఆయన పేరు ప్రసాదరావు. అరబ్బీలో 'ప' లేదు కాబట్టి, గేటు దగ్గరి కాపలావాడి నుంచి ఆసుపత్రి గుమాస్తా దాకా అందరికీ ఆయన బ్రసాద్. తన కొడుక్కి ఈ గతి పట్టకూడదని, అరబ్బులకీ ఇంగ్లీషువాళ్ళకీ మనవాళ్ళకీ నోరు తిరిగే పేరు కావాలని, నేను పుట్టకముందే ఇంగ్లీషు పేర్ల పుస్తకం ఒకటి కొని కూర్చుని అంతా చదివాడట. అరబ్బుల నోట విరిగే అక్షరాలున్న పేర్లన్నీ కొట్టేయగా మిగిలినవాటిలో ఆయన మనసు పడ్డది ఎమరీ మీద. ఇంగ్లండులోనే అరుదైన పాత పేరు. పనిలో బలం గలవాడని అర్థం. అరబ్బుల చెవికి అది 'అమీరీ' అని వినిపిస్తుంది, అంటే నా రాకుమారుడు. ఇంకేం కావాలి? రోజూ వర్క్‌షాపులో కళ్ళెదుట కట్టలు కట్టలుగా పడి ఉండే కాగితం మాత్రం ఆ మెకానికల్ ఇంజనీరుకు తట్టనే లేదు.

గుర్తుచేసింది రాజన్న. జగిత్యాల దగ్గరి పల్లె నుంచి వచ్చిన ఫిట్టరు, నాన్న కిందే పని. నాకు పేరు పెట్టిన రోజు నాన్న వర్క్‌షాపుకు బూరెలు పట్టుకెళితే, ఒక చేతిలో బూరె, ఇంకో చేతిలో అదే కాగితం పట్టుకుని నిలబడి అన్నాడట:

"గిదేం పేరు సారూ? పోరడు గంత నున్నగుంటే గరుకు కాగితం పేరు పెడ్తరా?"

ఆ మాట ఇంటిదాకా వచ్చాక అమ్మ చాలారోజులు నాన్నతో ముభావంగా ఉందట. అప్పటికే పేరు కాగితాలకెక్కింది.

శుక్రవారాలు రాజన్న మా ఇంటికి భోజనానికి వచ్చేవాడు. ఉప్పుగాలికి తలుపులు ఉబ్బి మూసుకోని ఆ ఇంట్లో, అమ్మ చేసిన పప్పుచారు తిని, నా కోసం జేబులో దాచి తెచ్చిన పాత బేరింగుల ఉక్కు గోళీలు గచ్చు మీద దొర్లించేవాడు. వాటితో ఆడుకుంటుంటే సాయంత్రమయ్యేది, రిఫైనరీ మంటకు ఆకాశం ఒక పక్క ఎర్రబడేది, అఫ్గాన్ల పొయ్యి నుంచి వేడి రొట్టెల వాసన వచ్చేది. ఉగాదికి అమ్మ కాంపౌండులోని వేపచెట్టు పూత కోస్తుంటే, చెట్ల పూలు తినే దరిద్రం పట్టిందనుకుని యెమెనీ వాచ్‌మన్ జాలిపడి మాకు ఖర్జూరాలు ఇచ్చేవాడు. అమ్మ మొహమాటపడి తీసుకునేది.

రాజన్న ఇకామా మీద, అంటే అక్కడ ఉండనిచ్చే అనుమతి కార్డు మీద, వృత్తి 'ఆమిల్' అని ఉండేది, అంటే కూలీ. చీకటి పడ్డాక నన్ను భుజాల మీద ఎక్కించుకుని వీధి చివరి కిరాణాకు తీసుకెళుతూ, "సూడుండ్రి, ఆమిల్ భుజం మీద అమీరీ!" అని అరిచేవాడు. కొట్టతను లేచి నాకు సలాం కొట్టేవాడు. ఆ సలాం నిజమేననుకున్నాను. నా పేరంటే నాకు పిచ్చి గర్వంగా ఉండేది.

తర్వాత నితాఖత్ వచ్చింది. సౌదీవాళ్ళను ఎంతమందిని పెట్టుకున్నారో చూసి కంపెనీలకు రంగులు వేశారు, మరీ తక్కువుంటే ఎరుపు. రాజన్నను నాన్న దగ్గరికి పనికి పంపిన కూలీల కంపెనీ ఎరుపులో పడింది, ఇకామా మళ్ళీ రాలేదు. వెళ్ళేముందు నా తల నిమిరి, "మంచిగ సదువుకో అమీరీ" అన్నాడు, అంతే. ఆ తర్వాత కొన్నేళ్ళకు కుటుంబాల మీద లెవీ పడింది. భార్యకీ, పిల్లలకీ తలకింత అని నెలనెలా కట్టాలి. బడిలో బెంచీలు ఖాళీ అవుతూ వచ్చాయి. కాంపౌండు బయట చెత్తడబ్బాల పక్కన మంచాలు, సైకిళ్ళు, ఉయ్యాలలు వరసగా కనిపించేవి. మా సైకిలు కూడా అక్కడే పెట్టాం. నాన్నను ఒక్కణ్ణే వదిలి అమ్మ, నేను ఫైనల్ ఎగ్జిట్‌లో, ఇక తిరిగి వెళ్ళేది లేకుండా వచ్చేశాం.

విమానం ఎక్కకముందే అమ్మ నిర్ణయం చేసేసింది.

"అక్కడ పిల్లలు ఉప్పు కాగితం అని ఏడిపించుకు తింటార్రా. అమర్ అని మార్చేద్దాం, దగ్గరగానే ఉందిగా."

నేను ఒప్పుకోలేదు. గుంటూరు చేరాక కూడా ఏడ్చాను, అన్నం మానేశాను. ఇల్లు పోయింది, బడి పోయింది, నాన్న ఎదురుగా లేడు, ఇక మిగిలింది ఆ పేరొక్కటే. నాన్నకు ఫోను చేస్తే, "అమ్మ చెప్పినట్టు చెయ్యి నాన్నా" అన్నాడు. తతంగమంతా నడిచి నేను అమర్‌నయ్యాను. ఆ రోజు నుంచి నాన్న కూడా అమర్ అనే పిలిచాడు. అలవాటైపోయింది. ఎవరూ ఏడిపించలేదు, ఎవరూ సలామూ కొట్టలేదు.

నాన్న కూడా ఉద్యోగం వదిలి వచ్చేసి చాలా కాలమైంది. పోయిన నెల ఆయన స్నానానికి వెళ్ళినప్పుడు ఫోను మోగితే నేనెత్తాను. రాజన్న. ఊళ్ళోనే మోటార్లు బాగుచేస్తున్నాడట. రాబిగ్‌లో తాము ఉన్న క్యాంపు పడగొట్టారని, మా కాంపౌండులో ఇప్పుడు మనవాళ్ళ కుటుంబం ఒక్కటీ లేదని ఎవరో చెప్పారన్నాడు. మాటల మధ్యలో ఫోను పక్కకు పెట్టి, "ఎమరీ! గిటు రారా!" అని కేకేశాడు.

"ఆఁ, చెప్పు రాజన్నా" అన్నాను. అనుకుని అన్నది కాదు, గొంతు దానంతటదే పలికింది.

అటు నవ్వు వినిపించింది. "నిన్ను గాదు బిడ్డా, మా చిన్నోన్ని. ఆ పేరు నువ్వు ఇడిసిపెట్టినవని మీ నాయిన చెప్పిండు. మంచి పేరు ఊకె ఎందుకు పోవాలె అని మేం పెట్టుకున్నం."

మళ్ళీ పిలిచాడు. ఈసారి నేను పలకలేదు. ఎక్కడో దూరం నుంచి ఒక పిల్లవాడి గొంతు, "అస్తున్న బాపూ" అంది.